శివ స్తోత్రాలను అర్థం తెలిసి పాడుకోవడం ఎలా?

కార్తీక మాసం వచ్చిందంటే తెల్లవారుజామున గుడి మైకులో లింగాష్టకం మోగుతుంది. ఏటా అలా వింటూ పెరిగినవాళ్లకు ఎనిమిది శ్లోకాలూ ఎవరూ నేర్పకుండానే నోటికొచ్చేస్తాయి. “ఫణిపతి వేష్టిత శోభిత లింగం” అని రాగం తప్పకుండా పాడతారు. ఆ ఫణిపతి ఎవరండీ అని అడిగితే మాత్రం చాలామంది తడబడతారు. విని నేర్చుకోవడంలో తప్పేమీ లేదు, మన పెద్దలు నేర్చుకున్నదీ అలాగే. కాకపోతే శివుడి మీద పాటలు చాలావరకు బొమ్మలతో అల్లినవి. ఒక్కో మాటకు ఒక బొమ్మ, ఆ బొమ్మ వెనక ఒక కథ. మాట నోట్లో ఉండగానే ఆ బొమ్మ కళ్ల ముందుకు వచ్చేలా నేర్చుకోవాలి. అందుకు సంగీతం వచ్చి ఉండక్కర్లేదు, సంస్కృతం చదివి ఉండక్కర్లేదు. కాస్త ఓపిక, ఒక నోటు పుస్తకం ఉంటే చాలు.

ముందుగా ఏ పాట తీసుకోవాలి

శివుడి మీద పాడుకునేవన్నీ ఒక్క కోవలోవి కావు. లింగాష్టకం, బిల్వాష్టకం, శివపంచాక్షరి లాంటివి సంస్కృత స్తోత్రాలు. ధూర్జటి శతకంలోవి, పోతన భాగవతంలోవి తెలుగు పద్యాలు. త్యాగరాజు, ముత్తుస్వామి దీక్షితులు రాసినవి రాగతాళాలతో నేర్చుకోవాల్సిన కృతులు. పదిమంది కూర్చుని తాళాలు వేస్తూ పాడే నామావళి భజనలు వేరు. ఇక శ్రీరుద్రం వేదంలోది. దాని సంగతి చివర్లో చెబుతాను, ఎందుకంటే దాన్ని నేర్చుకునే దారి పూర్తిగా వేరు.

మొదటి పాటగా లింగాష్టకమే తీసుకోండి. ఇప్పటికే సగం వచ్చి ఉంటుంది కదా అని మాత్రమే కాదు. ప్రతి పాదం “లింగం” దగ్గర ఆగుతుంది, ప్రతి శ్లోకం “తత్ప్రణమామి సదాశివ లింగం” దగ్గర ముగుస్తుంది. అంటే ఊపిరి ఎక్కడ తీసుకోవాలో పాటే చెబుతుంది. మాటలు చిన్నవి. చెప్పిన కథలు మనకు ఎప్పటినుంచో తెలిసినవే.

శివతాండవ స్తోత్రంతో మాత్రం మొదలుపెట్టవద్దు. దాని ఊపు విని చాలామంది, ముఖ్యంగా కుర్రవాళ్లు, నేరుగా అక్కడికే వెళ్తారు. పొడుగాటి సమాసాలకు నోరు తిరగదు, వేగం అందుకోవాలనే టెన్షన్‌లో అక్షరాలు మింగేస్తారు, కొన్నాళ్లకు విసిగి వదిలేస్తారు. లింగాష్టకం, తర్వాత పంచాక్షరి, ఆ తర్వాత బిల్వాష్టకం, వీటితోపాటు ఒకటి రెండు తెలుగు పద్యాలు. ఇవన్నీ కుదిరాక తాండవ స్తోత్రం జోలికి వెళ్తే అది చాలా తేలిగ్గా వస్తుంది.

పాఠం మాత్రం అచ్చు పుస్తకం నుంచి తీసుకోండి. ఫోన్లో ఒకరి నుంచి ఒకరికి తిరిగే పాఠాల్లో ఒత్తులు ఎగిరిపోతుంటాయి, దీర్ఘాలు తగ్గిపోతుంటాయి. కొన్నిచోట్ల రెండు పాఠాలు నిజంగానే ప్రచారంలో ఉంటాయి. పంచాక్షరి చివరి శ్లోకాన్ని కొందరు “యక్షస్వరూపాయ” అనీ, కొందరు “యజ్ఞస్వరూపాయ” అనీ చదువుతారు. రెండింటినీ పెద్దలు పాడుతున్నారు కాబట్టి దీని మీద వాదన అనవసరం. ఇంట్లో అందరూ ఒకే పాఠానికి కట్టుబడితే సరిపోతుంది.

రెండో పని: మాటలు విడగొట్టి రాసుకోవడం

ఈ పని విసుగనిపించినా దాటవేయకండి. మిగతా అంతా దీని మీదే నిలుస్తుంది. శివపంచాక్షరి మొదటి శ్లోకం తీసుకుందాం. ఇది ఆదిశంకరులది అని సంప్రదాయం.

నాగేంద్రహారాయ త్రిలోచనాయ
భస్మాంగరాగాయ మహేశ్వరాయ
నిత్యాయ శుద్ధాయ దిగంబరాయ
తస్మై నకారాయ నమశ్శివాయ

నోటు పుస్తకంలో ఎడమ పక్క ఒక్కో మాట రాయండి, కుడి పక్క దాని బొమ్మ రాయండి. నాగేంద్రహారాయ: పాములరాజే మెడలో హారంగా ఉన్నవాడికి. త్రిలోచనాయ: మూడు కళ్లవాడికి. భస్మాంగరాగాయ: మనం ఒంటికి గంధం పూసుకునే చోట బూడిద పూసుకున్నవాడికి. దిగంబరాయ: దిక్కులే బట్టలైనవాడికి. నిత్యాయ, శుద్ధాయ అన్నవాటికి బొమ్మ లేదు, వాటిని అలాగే ఉంచండి. ప్రతి మాట చివరా వచ్చే “ఆయ” మన తెలుగులో “కు” లాంటిది. అది పట్టుబడిందంటే సంస్కృత స్తోత్రాల్లో సగం భయం పోతుంది, ఎందుకంటే చాలా స్తోత్రాలు ఇలా “ఫలానావాడికి నమస్కారం” అనే సాగుతాయి.

ఇప్పుడు ఐదు శ్లోకాల మొదటి అక్షరాలు చూడండి. నాగేంద్ర, మందాకినీ, శివాయ, వశిష్ఠ, యక్ష. న, మ, శి, వ, య. మంత్రంలోని ఐదక్షరాలకు ఐదు శ్లోకాలు. పాడేటప్పుడు తర్వాతి శ్లోకం ఏదో మర్చిపోతే పుస్తకం వెతుక్కోవద్దు, మనసులో “నమశ్శివాయ” అనుకుంటే చాలు, తర్వాతి అక్షరమే అందిస్తుంది. పిల్లలకు ఇది ముందే చెప్పండి, ఆటలా నేర్చేసుకుంటారు.

విడగొట్టేటప్పుడు అర్థం తెలియని మాట దగ్గర ఊహతో రాయకండి. తాత్పర్యంతో ఉన్న స్తోత్ర పుస్తకాలు బజారులో తేలిగ్గా దొరుకుతాయి. రోజుకు ఒక శ్లోకం చాలు, అంతకంటే తొందర అక్కర్లేదు.

మూడో పని: బొమ్మల వెనకున్న కథ తెలుసుకోవడం

శివుడి రూపాన్ని తల నుంచి పాదం దాకా ఒకసారి మనసులో చూసుకుంటే, ఏ పాటలో ఏ పేరు వచ్చినా అది ఎక్కడిదో తెలిసిపోతుంది. జడను బట్టి కపర్ది, ధూర్జటి. జడలో గంగ ఉంది కాబట్టి గంగాధరుడు. నెలవంక ఉంది కాబట్టి చంద్రశేఖరుడు, ఇందుశేఖరుడు, సోమశేఖరుడు. కంఠం నల్లబడింది కాబట్టి నీలకంఠుడు. చేతిలో పినాకం అనే విల్లు ఉంటే పినాకపాణి, శూలం ఉంటే శూలపాణి. జెండా మీద ఎద్దు ఉంది కాబట్టి వృషధ్వజుడు. ఈ పేర్లే మళ్లీ మళ్లీ తిరుగుతుంటాయి. ఒక స్తోత్రంలో నేర్చుకున్నది పది స్తోత్రాల్లో పనికొస్తుంది.

ఇందులో రెండు బొమ్మల దగ్గర కాస్త ఎక్కువసేపు ఆగండి. ఒకటి చంద్రుడు, రెండోది విషం.

చంద్రుడికి దక్షుడి శాపం తగిలింది. ఇరవై ఏడుగురు భార్యల్లో రోహిణినే ప్రేమగా చూశాడని, క్షయించి పొమ్మని మామగారు శపించాడు. రోజుకు ఒక కళ చొప్పున తరిగిపోతూ శివుణ్ని శరణు వేడాడు. శివుడు తల మీద పెట్టుకున్నాడు. పున్నమి చంద్రుణ్ని కాదు, అరిగిపోయి నెలవంకగా మిగిలినవాణ్ని. అందుకే “చంద్రశేఖర” అన్న పేరు పలికేటప్పుడు వెన్నెల ఒక్కటే గుర్తుకు రాకూడదు. దిక్కులేక వచ్చినవాడికి దొరికిన చోటు అది. చంద్రశేఖరాష్టకాన్ని యముడికి భయపడి లింగాన్ని పట్టుకున్న మార్కండేయుడు పాడాడని సంప్రదాయం చెబుతుంది. శరణు వేడిన పిల్లవాడి నోట, శరణు దొరికిన చంద్రుడి పేరు. ఆ రెండు కథలూ తెలిసి పాడేవారి గొంతు మారుతుంది.

ఇక విషం. క్షీరసాగర మథనంలో హాలాహలం పుట్టినప్పుడు శివుడు దాన్ని మింగాడు, కంఠంలో నిలుపుకున్నాడు. కిందికి దిగితే లోపలున్న లోకాలకు ప్రమాదం, బయటికి వదిలితే బయటి లోకాలకు ప్రమాదం. అందుకే గొంతులోనే ఉంచాడని కథ. పోతన ఆ ఘట్టంలో పార్వతి వైపు నుంచి ఒక కంద పద్యం చెప్పాడు. తెలుగులో శివుడి గురించి వచ్చిన పద్యాల్లో నాకు దీన్ని మించింది కనపడదు.

మ్రింగెడివాడు విభుండని
మ్రింగెడిదియు గరళమనియు మేలని ప్రజకున్
మ్రింగుమనె సర్వమంగళ
మంగళసూత్రంబు నెంత మది నమ్మినదో

మింగేవాడు తన భర్త. మింగేది విషం. అదీ ఆమెకు తెలుసు. ప్రజలకు మేలని తెలిసి “మింగు” అంది. తన మంగళసూత్రాన్ని ఎంతగా నమ్మిందో చూడండి అంటాడు పోతన. ఇక మీదట ఏ స్తోత్రంలో “నీలకంఠాయ” వచ్చినా ఆ నల్లటి మచ్చ పక్కన పార్వతి కూడా నిలబడి ఉంటుంది. పాలకడలి చిలికినప్పుడు చంద్రుడూ అందులోంచే వచ్చాడని పురాణాలు చెబుతాయి. చల్లటిదీ, కాల్చేదీ ఒకే కడలిలో పుట్టి ఆయన ఒంటినే చేరాయి.

మిగతావి త్వరగా చూద్దాం. మూడు కళ్లు సూర్యుడు, చంద్రుడు, అగ్ని; పంచాక్షరిలో “చంద్రార్క వైశ్వానర లోచనాయ” అని ఉన్నది ఇదే. బూడిద అన్నీ చివరికి ఏమవుతాయో చెబుతుంది, మన్మథుడు అయిందీ అదే. లింగాష్టకంలోని ఫణిపతి సర్పరాజు. వేష్టితం అంటే చుట్టుకున్నది. నంది ధర్మానికి గుర్తు. డమరుకం సంగతి మాత్రం చదువుకునే పిల్లలకు తప్పక చెప్పాలి. శివుడు నాట్యం ముగిస్తూ డమరుకాన్ని పద్నాలుగు సార్లు మోగించాడనీ, ఆ శబ్దాలే పాణిని వ్యాకరణానికి ఆధారమైన 14 మాహేశ్వర సూత్రాలనీ సంప్రదాయం. తాండవం, వ్యాకరణం ఒక్క చేతిలోని వాద్యంలోంచి వచ్చాయంటే పిల్లలు కళ్లు పెద్దవి చేసుకుని వింటారు.

ఈ కథలతో ఇప్పుడు లింగాష్టకం మళ్లీ చదవండి. “బ్రహ్మమురారి సురార్చిత లింగం” అనగానే లింగోద్భవం కనపడాలి. మొదలూ చివరా తెలియని అగ్నిస్తంభం, దాని అంతు చూడాలని హంసగా పైకి వెళ్లిన బ్రహ్మ, వరాహంగా కిందికి వెళ్లిన విష్ణువు. చూడకుండానే చూశానని బ్రహ్మ చెప్పిన అబద్ధానికి మొగలిపువ్వు సాక్ష్యం పలికిందని, అందుకే శివపూజకు మొగలిపువ్వు పనికిరాదని అంటారు. తర్వాతి శ్లోకంలో “కామదహన కరుణాకర లింగం” అని ఒకే పాదంలో రెండు మాటలు పక్కపక్కనే ఉన్నాయి. మన్మథుణ్ని కాల్చినవాడే దయగలవాడు. రతీదేవి ఏడుపు విని ఆమె భర్తను తిరిగి ఇచ్చాడు కదా. ఆ పాదాన్ని పరుగెత్తించకండి, రెండు మాటల మధ్య చిన్న విరామం ఇవ్వండి.

“వినాశక” అన్న మాట ఈ అష్టకంలో ఐదుసార్లు వస్తుంది. పుట్టుకతో వచ్చే దుఃఖం, రావణుడి గర్వం, దక్షుడి యజ్ఞం, కూడబెట్టుకున్న పాపం, ఎనిమిది రకాల దరిద్రం. నాశనం చేసేవాడు అనగానే భయపడేవాళ్లకు ఈ జాబితా చూపించండి. పోయేవన్నీ పోవాల్సినవే. ఆరో శ్లోకంలో ఇంకో మాట ఉంది. అంతకుముందు గంధం, కుంకుమ, బంగారం, మణులు, తామరపూల దండలు అన్నీ అయ్యాక “భావైర్భక్తిభిరేవ చ లింగం” అంటుంది పాట. భావంతో, భక్తితోనే పూజించబడేది అని. పూజ సామగ్రి ఏమీ లేనివాళ్లకు కూడా ఈ పాటలో చోటు ఉంది, అది ఆ పాదమే.

నాలుగో పని: నోరు సరిచేసుకోవడం

ముందు పాడకుండా, వచనంలా గట్టిగా చదవండి. రాగంలో తప్పులు దాక్కుంటాయి, చదివితే బయటపడతాయి. ముఖ్యంగా చూసుకోవాల్సినవి “శ”, ఒత్తక్షరాలు. “శంకర” అన్నదాన్ని “సంకర” అంటే మేలు చేసేవాడు పోయి కలగాపులగం మిగులుతుంది. “భస్మ”లో భ, “ధర”లో ధ, “ఫణి”లో ఫ, “ఖడ్గ”లో ఖ ఊపిరితో రావాలి. అరచేతిని నోటి ముందు పెట్టుకుని “బ, భ” అని చూడండి, “భ” అన్నప్పుడు గాలి చేతికి తగలాలి. “ఫణి”ని ఇంగ్లీషు ఎఫ్ లాగా పళ్లతో పెదవి కొరికి పలకడం ఈ మధ్య బాగా ఎక్కువైంది. రెండు పెదవులూ కలిపి “ప” అంటూ గాలి వదిలితే సరైన “ఫ” వస్తుంది.

అయితే ఈ జాగ్రత్త మీకు మీరే పెట్టుకోండి. పక్కన పాడుతున్న పెద్దావిడను మధ్యలో ఆపి సరిదిద్దడం పద్ధతి కాదు. పిల్లలనైనా పాట అయ్యాక, ఒక్క మాట చొప్పున దిద్దితేనే వాళ్లకు పాట మీద ఇష్టం ఉంటుంది.

ఐదో పని: లయ పట్టుకోవడం

లింగాష్టకం, పంచాక్షరి చేత్తో తాళం వేస్తూ పాడుకుంటే రెండు మూడు రోజుల్లో నడక కుదురుతుంది. లయ బలంగా తెలియాల్సింది తాండవ స్తోత్రానికి. ఇది పంచచామర వృత్తం. పాదానికి 16 అక్షరాలు, ఒక లఘువు (పొట్టిగా పలికేది), ఒక గురువు (సాగదీసి లేదా ఒత్తి పలికేది), మళ్లీ లఘువు, మళ్లీ గురువు, ఇలా ఎనిమిది జతలు. మొదటి పాదాన్ని జతలుగా రాసుకోండి.

జటా | టవీ | గల | జ్జల | ప్రవా | హపా | విత | స్థలే

“గల”లో రెండో అక్షరం చూడటానికి పొట్టిదే, కానీ తర్వాత “జ్జ” ఉంది కాబట్టి అది గురువు. “జ్జల” తర్వాత “ప్ర”, “విత” తర్వాత “స్థ” ఉన్నాయి కాబట్టి అక్కడా అంతే. ప్రతి జతలో రెండో అక్షరం మీద చప్పట్లు కొడుతూ చదవండి. చాలా నెమ్మదిగా. ఎనిమిది అక్షరాలకు ఒక చిన్న ఆగుడు, పదహారుకు ఊపిరి. ఇలా రోజుకు ఒక్క శ్లోకం చేస్తే, వేగం మీరు పెంచక్కర్లేకుండా అదే పెరుగుతుంది. “డమడ్డమడ్డమడ్డమన్నినాద” దగ్గరికి వచ్చేసరికి మీ చప్పట్లే డమరుకంలా పలుకుతాయి.

లింగాష్టకంలో “రావణ దర్ప వినాశక లింగం” అని పాడాం కదా, ఈ స్తోత్రం ఆ రావణుడిదే అంటారు. కైలాసాన్ని ఎత్తబోయి, శివుడు కాలి బొటనవేలితో నొక్కితే కొండ కింద నలిగి, ఆ నొప్పిలో సామగానంతో స్తుతించి మెప్పించాడని కథ. గర్వం పోయాక నోట్లోంచి వచ్చిన పాట ఇంత గంభీరంగా ఉంది. దీన్ని వీరావేశంగా అరిచి పాడటం నాకు నచ్చదు. గొంతు పెంచకండి, అక్షరాలను పెంచండి. వృత్తంలోనే కావాల్సినంత బలం ఉంది.

తెలుగు పద్యం నేర్చుకునే తీరు

సంస్కృత స్తోత్రాలతోనే ఆగిపోవడం మన తెలుగువాళ్లకు తగదు. 13వ శతాబ్దంలోనే పాల్కురికి సోమనాథుడు ద్విపదలో బసవపురాణం రాశాడు, అదీ జనం పాడుకోవడానికి వీలుగా. ఆయన పండితారాధ్య చరిత్రలో తుమ్మెద పదాలు, పర్వత పదాలు, శంకర పదాలు, వెన్నెల పదాలు, గొబ్బి పదాలు అని ఆ రోజుల్లో పాడుకునే పాటల పేర్లు చెబుతాడు. శ్రీశైల యాత్రకు నడిచి వెళ్లేవాళ్లు పాడుకున్న పాటలు ఎన్నో ఉండి ఉంటాయి. మీ ఇంట్లో పెద్దవాళ్ల దగ్గర శివుడి మీద తెలుగు పాట ఏదైనా ఉంటే ముందు దాన్ని ఫోన్లో రికార్డు చేయండి, తర్వాత పక్కన కూర్చుని రాసుకోండి. స్తోత్రాలు ఏ పుస్తకంలోనైనా దొరుకుతాయి. ఆ పాటలు దొరకవు.

పద్యానికి ధూర్జటి శ్రీకాళహస్తీశ్వర శతకం తెరవండి. ఆయన 16వ శతాబ్దపు కవి, కృష్ణదేవరాయల ఆస్థానంలోవాడు. ఈ పద్యం తీసుకోండి.

ఏ వేదంబు పఠించె లూత, భుజగం బే శాస్త్రముల్ సూచె, తా
నే విద్యాభ్యసనం బొనర్చె గరి, చెంచే మంత్ర మూహించె, బో
ధావిర్భావ నిదానముల్ చదువులయ్యా? కావు, మీ పాద సం
సేవాసక్తియె కాక జంతుతతికిన్, శ్రీకాళహస్తీశ్వరా!

ముందు కథ. శ్రీకాళహస్తి పేరులో శ్రీ అంటే సాలీడు, కాళం అంటే పాము, హస్తి అంటే ఏనుగు. మూడూ అక్కడి లింగాన్ని తమకు తోచినట్టు పూజించి ముక్తి పొందాయి. చెంచు అంటే తిన్నడు, కన్నప్ప. శివుడి కంట నెత్తురు కారితే తన కన్ను పెకలించి పెట్టినవాడు. సాలెపురుగు ఏ వేదం చదివింది, పాము ఏ శాస్త్రం చూసింది, ఏనుగు ఏ విద్య నేర్చింది, చెంచువాడు ఏ మంత్రం జపించాడు అని అడుగుతాడు ధూర్జటి. జ్ఞానం కలగడానికి చదువులా కారణం? కావు, నీ పాదసేవ మీద ఆసక్తే అంటాడు.

ఇప్పుడు పాడే విధానం. ఇందులో పాదం ముగిసిన చోట మాట ముగియదు. మొదటి పాదం చివరి “తా”, రెండో పాదం మొదటి “నే” కలిస్తే “తానే” అవుతుంది, విడగొడితే “తాను ఏ విద్య” అని అర్థం. “బో” దగ్గర ఆగితే “బోధ” రెండు ముక్కలవుతుంది. “సం” దగ్గర ఆగితే “సంసేవ” విరుగుతుంది. కాబట్టి పాదాంతంలో ఊపిరి తీసుకోకండి. ప్రశ్న ముగిసిన చోట తీసుకోండి. “లూత” దగ్గర, “సూచె” దగ్గర, “గరి” దగ్గర, “ఊహించె” దగ్గర. నాలుగు ప్రశ్నలూ కాస్త గొంతు ఎత్తి అడగండి. “చదువులయ్యా?” దగ్గర ఆగండి. “కావు” అన్న మాటను ఒంటరిగా, నెమ్మదిగా చెప్పండి. ఆ తర్వాత చివరి పాదం సాఫీగా దిగి మకుటంలో కలుస్తుంది. రాగం ఏదైనా ఫరవాలేదు, ఈ ఆగుళ్లు కుదిరితే పద్యం వినేవాడికి అర్థం చెప్పక్కర్లేదు.

పదిమందితో పాడేటప్పుడు

ఇంట్లో సోమవారం సాయంత్రమో, ప్రదోష వేళో, శివరాత్రి జాగరణలోనో పాడుకునేటప్పుడు వరుస ఒకటి పెట్టుకోండి. వినాయకుడి ప్రార్థనతో మొదలు. తర్వాత అందరికీ వచ్చిన లింగాష్టకం, దాంతో గొంతులు కలుస్తాయి. ఆపై పంచాక్షరి. పూజ జరుగుతుంటే బిల్వాష్టకం ఆ సమయానికి దాచుకోండి. ప్రతి శ్లోకం చివర “ఏకబిల్వం శివార్పణం” వచ్చినప్పుడు ఒక మారేడు దళం వేయాలి. “త్రిదళం త్రిగుణాకారం త్రినేత్రం చ త్రియాయుధం” అని మొదటి శ్లోకమే ఆ దళాన్ని వర్ణిస్తుంది. మూడు ఆకులు మూడు గుణాలు, మూడు కళ్లు, మూడు ఆయుధాలు. సమర్పిస్తే పోయేవి మూడు జన్మల పాపాలు. కాబట్టి మూడు ఆకులూ చెక్కుచెదరకుండా ఉన్న దళాలే ముందుగా ఏరి పెట్టుకోండి. పాట మధ్యలో ఏరడం మొదలుపెడితే లయ పోతుంది.

శ్రుతి విషయంలో ఒక మాట. ఆడవాళ్లు, మగవాళ్లు కలిసి పాడేటప్పుడు ఎవరికి సౌకర్యంగా ఉన్న శ్రుతిలో వాళ్లు ఎత్తుకుంటే సగంమంది మౌనంగా కూర్చోవాల్సి వస్తుంది. పాట మొదలుపెట్టేవాళ్లు ఫోన్లో శ్రుతి పెట్టుకుని, అందరికీ అందే మధ్యస్థ శ్రుతిలో ఎత్తుకోవాలి. నామావళి అయితే ఒకరు చెప్పడం, మిగతావాళ్లు అందుకోవడం. చెప్పేవాళ్లు మూడోసారి వరకు వేగం పెంచకూడదు. కొత్తగా వచ్చినవాళ్లు మొదటి రెండుసార్లు విని, మూడోసారి కలుస్తారు.

శివరాత్రి రాత్రిని నాలుగు యామాలుగా చేసి పూజ చేస్తారు, అర్ధరాత్రి లింగోద్భవ కాలం. హుషారు పాటలన్నీ మొదటి యామంలోనే పాడేస్తే తెల్లవారుజామున నిద్ర ఆగదు. తాళాలతో పాడే భజనలు అర్ధరాత్రి దాటాక పెట్టుకోండి, మొదట్లో పద్యాలు, స్తోత్రాలు. లింగోద్భవ సమయానికి లింగాష్టకం, అందులోనూ మొదటి శ్లోకం కథ గుర్తు చేసుకుని, అందరూ కలిసి పాడితే ఆ రాత్రికి అదే అసలు ఘట్టం.

కృతులు, రుద్రం

త్యాగరాజును (1767–1847) రామభక్తుడిగానే తలుచుకుంటాం. చెన్నై దగ్గర కోవూరు సుందరేశ్వరుడి మీద ఆయన ఐదు కృతులు చేశాడు. పంతువరాళిలో “శివ శివ శివ యనరాదా” కూడా ఆయనదే. తెలుగులోనే ఉంది కాబట్టి అర్థం కోసం వెతకక్కర్లేదు. దీక్షితులు (1775–1835) పంచభూత లింగాలకు ఐదు కృతులు రాశారు. అందులో వాయులింగానిది మన శ్రీకాళహస్తి, రాగం హుసేని. ఇవి రికార్డింగు విని అనుకరించేవి కావు. గమకం, అంటే స్వరాన్ని ఊపి పలికే తీరు, చెవికి అందినంత తేలిగ్గా గొంతుకు అందదు. కనీసం ఒక్క కృతి అయినా గురువు దగ్గర కూర్చుని నేర్చుకోండి. అప్పటిదాకా అర్థం చూసుకుంటూ వినడం మంచి అభ్యాసమే.

శ్రీరుద్రం సంగతి. ఇది కృష్ణయజుర్వేద తైత్తిరీయ సంహితలోది. ఇందులో రెండు భాగాలు: నమకం 11 అనువాకాలు (ఖండికలు), చమకం 11 అనువాకాలు. మనం రోజూ అనుకునే “నమశ్శివాయ” నమకంలో ఎనిమిదో అనువాకంలో ఉంది. వేదంలో స్వరం కూడా మంత్రంలో భాగం. ఉదాత్తం, అనుదాత్తం, స్వరితం మారితే పాఠం తప్పినట్టే. పుస్తకంలో అక్షరాల కింద, పైన ఉండే గీతలు ఆ స్వరాల గుర్తులు, వాటిని చూసి సొంతంగా పట్టుకోవడం కుదరదు. గురువు ఒకసారి చెబితే శిష్యుడు రెండుసార్లు చెప్పే సంథ పద్ధతిలోనే నేర్చుకోవాలి. మీ ఊరి శివాలయంలో అభిషేకం చేసే అర్చకులను అడగండి, నేర్పేవాళ్లు ఎవరో వాళ్లకు తెలుస్తుంది. గురువు దొరికేవరకు అభిషేక సమయంలో గుడిలో కూర్చుని పుస్తకంలో తాత్పర్యం చూసుకుంటూ వినండి. నమకంలో ప్రతి “నమః” దగ్గర ఎవరికి నమస్కరిస్తున్నారో గమనించండి. వడ్రంగులకు, రథాలు చేసేవాళ్లకు, కుమ్మరులకు, కమ్మరులకు, చెట్లకు, వాటి పచ్చటి ఆకులకు, దారులకు, మడుగులకు కూడా అందులో నమస్కారం ఉంది.